తొషిరో మిఫునే

1946వ సంవత్సరము. యుద్ధమున నోడిన జపాను దేశము బూడిదకుప్పగా నుండెను. రాజధానియగు టోకియోలో బాంబుల తాకిడికి పేటలకు పేటలే కాలిపోయెను. తిండికి, బట్టకు జనులు అల్లాడుచుండిరి. ఆ దినములలో తోహో అను చలనచిత్ర సంస్థ క్రొత్త నటీనటుల కొఱకు ఒక పరీక్ష నేర్పాటు చేసెను. సుమారు నాలుగువేల మంది దరఖాస్తులు పెట్టుకొనిరి. వారిలో సైన్యమునుండి విడుదలయై వచ్చిన యువకుడొకడు పరీక్షకుల యెదుట నిలిచెను. నవ్వి చూపుమని వారడిగిరి. నవ్వు పుట్టించునది యేదియు లేనప్పుడు నవ్వుట సులభము కాదని అతడు పెడసరముగా బదులు చెప్పెను. కోపము నభినయింపుమనగా, గాయపడిన మృగమువలె గదియంతయు కలయదిరిగెను. పిమ్మట కుర్చీలో కూలబడి, పరీక్షకులనే గ్రుడ్లురిమి చూచెను. అతడే తొషిరో మిఫునే.

ఇంతకును అతడు నటుడగుటకు వచ్చినవాడు కాడు. మిఫునే 1920వ సంవత్సరము ఏప్రిల్ 1వ తేదీన చీనా దేశమందలి ఛింగ్‌దావ్ పట్టణమున జన్మించెను. ఆ పట్టణము అప్పుడు జపాను వారి స్వాధీనములో నుండెను. తలిదండ్రులు జపానీయులు. తండ్రి ఛాయాచిత్రములు తీయుచు జీవించువాడు. తరువాత ఆ కుటుంబము మంచూరియా ప్రాంతమందలి దైరెన్ రేవుపట్టణమునకు చేరెను. తొషిరో అచ్చటనే పెరిగి, తండ్రి దుకాణమున చీకటిగదిలో ఫోటోలు కడుగు పని నేర్చుకొనెను. ఇరువదవ యేట సైన్యమునకు పిలుపు వచ్చెను. కెమెరా పని తెలిసినవాడగుటచే అతనిని వైమానిక దళమున, ఆకాశమునుండి ఫోటోలు తీయు శాఖలో చేర్చిరి. తన జాతివారి దేశమైన జపాను గడ్డపై అతడు మొదటిసారి కాలు మోపినది సైనికుడుగానే యనుట వింతయే కదా!

సైన్యమున అతడు పొందిన సుఖమేమియు లేదు. పై యధికారుల యెదుట తల వంచని స్వభావముచే పలుమారులు దెబ్బలు తినెను. యుద్ధము చివరి దినములలో అతడు దక్షిణ జపానున ఒక విమాన స్థావరమందుండెను. శత్రువుల యోడలపై విమానముతో సహా పడి ప్రాణము లర్పించుటకు పంపబడు పసివయసు వైమానికులను అతడచ్చట చూచెను. చివరి గడియలో చక్రవర్తికి జేకొట్టనక్కరలేదని, తల్లిని తలచుకొని పిలిచినను అవమానము కాదని వారికి చెప్పెడివాడని అతని కుమారుడు తరువాతి కాలమున తెలిపెను. వెళ్ళినవారు మరల రాలేదు. ఆ కోపము, ఆ దుఃఖము మిఫునే హృదయమును జీవితాంతము విడువలేదు.

యుద్ధము ముగియునప్పటికి అతనికి తలిదండ్రులు లేరు, ఇల్లు లేదు. సైన్యమువారిచ్చిన రెండు కంబళ్ళను కత్తిరించి దుస్తులు కుట్టుకొనెను. తెలిసిన పని కెమెరా పని యొక్కటే. సైన్యములోని మిత్రుడొకడు తోహో సంస్థలో నుండుటచే, ఛాయాగ్రాహకునికి సహాయకుడుగా కుదురవలెనని దరఖాస్తు పెట్టుకొనెను. అది కొత్త నటుల పరీక్షకు చేరెను. పొరపాటున చేరెనని కొందరు, మిత్రుడే కావలెనని చేర్చెనని కొందరు చెప్పుదురు.

పరీక్షకులలో పలువురు అతని పెడసరము చూచి వలదనిరి. హిదేకో తకమినే అను ప్రసిద్ధ నటి మాత్రము ఆశ్చర్యపడి, వేరొక చోట చిత్రీకరణలో నున్న దర్శకుడు అకిర కురొసావాకు ఈ సంగతి చెప్పెను. అతడు వచ్చి చూచెను. మేలిమి వజ్రమేదో తెలుపవలసినవాడు రత్నపరీక్షకుడు కాని దారినపోవువాడు కాడని, నటుని విషయమున దర్శకుల మాటకు విలువ యుండవలెనని అతడు వాదించెను. తుదకు కజిరో యమమోతో అను పెద్ద దర్శకుడు పూచీ వహింపగా మిఫునే నెగ్గెను.

నెగ్గినను అతనికి మనసు కుదురలేదు. మగవాడు ముఖము చూపి బ్రదుకుట గౌరవము కాదని అతని తలంపు. దర్శకుడు సెంకిచి తనిగుచి బ్రతిమాలగా 1947లో మంచుకొండలలో దాగిన దొంగల కథలో తొలిసారి నటించెను. మరుసటి యేట కురొసావా ‘త్రాగుబోతు దేవదూత’ అను అర్థము వచ్చు పేరుతో ఒక చిత్రము తీసెను. అందు మిఫునే క్షయరోగము సోకిన రౌడీ; తకాషి షిమురా అతనికి చికిత్స చేయు వైద్యుడు. కథకు నాయకుడు వైద్యుడే. కాని చిత్రము చూచినవారికి మనసున నిలిచినది రౌడీయే. ఇతర నటులకు పదియడుగుల ఫిల్ము కావలసిన భావమును మిఫునే మూడడుగులలో చూపునని కురొసావా మెచ్చుకొనెను.

1950లో ‘రషోమోన్’ వచ్చెను. ఒకే హత్యను నలుగురు నాలుగు విధములుగా చెప్పు కథ అది. అందలి బందిపోటు పాత్రకు మిఫునే సింహపు నడకను ఆదర్శముగా గొనెను. మరుసటి సంవత్సరము ఇటలీలోని వెనిస్ ఉత్సవమున ఆ చిత్రమునకు ప్రథమ బహుమానమగు స్వర్ణసింహము లభించెను. అంతవరకు జపాను చిత్రములను ఎరుగని ఐరోపా, అమెరికాలు దానితో కన్నులు తెరచెను.

అతని పాత్రలలో మిక్కిలి గొప్పది ఏది యన్న ప్రశ్నకు పలువురు 1954 నాటి ‘ఏడుగురు సమురాయిలు’ చిత్రమును చూపుదురు. సమురాయిలనగా కత్తిపట్టి ప్రభువులను కొలిచిన యోధులు. బందిపోట్ల బాధపడలేక ఒక పల్లెవారు కూడుపెట్టి కొందరు యోధులను తెచ్చుకొందురు. మొదట వ్రాసిన కథలో ఆరుగురే. వారందరు గంభీరులగుటచే కథకు ప్రాణము పోయుటకు ఏడవవాడు కావలసివచ్చెను. అతడే కికుచియో. సమురాయినని బొంకుచు, పొడవైన కత్తి భుజాన వేసికొని తిరుగు రైతుబిడ్డ. ఆ పాత్ర మిఫునేది. రైతులు దొంగబుద్ధి గలవారని, ధాన్యము దాచుదురని యోధులు ఏవగించుకొన్నప్పుడు కికుచియో మండిపడును. అవును, వారు అట్టివారే. కాని వారి పంటలు తగులబెట్టి, వారి స్త్రీలను చెరచి, వారినట్లు చేసినది మీరే కదా యని యోధులను నిలదీయును. ఇంకొక దృశ్యమున, మంటలలో నున్న మరనుండి ప్రాణము పోవుచున్న తల్లి తన పసిబిడ్డను తెచ్చి అందించును. కికుచియో ఆ బిడ్డను పట్టుకొని వాగునీటిలో కూలబడి, తానును ఇట్టి బిడ్డనే యని ఏడ్చును. అంతవరకు అతని చేష్టలకు నవ్విన ప్రేక్షకులు నిశ్చేష్టులగుదురు. చివరి పోరాటమును ఫిబ్రవరి చలిలో, కృత్రిమ వర్షమున, మోకాలి బురదలో తీసిరి. మిఫునే చాలీచాలని దుస్తులతో, కాళ్ళకు చెప్పులైన లేక నటించెను.

1957లో షేక్స్‌పియరు మాక్బెత్ కథను జపాను కథగా మార్చి తీసినప్పుడు, చివరి దృశ్యమున విలుకాండ్రు అతని చుట్టును నిజమైన బాణములనే వేసిరి. ఆ ముఖమునందలి భయము పూర్తిగా నటన కాదు. మరుసటి యేట అతడు ‘ముహోమత్సు’ అను రిక్షావాని కథలో నటించెను. రిక్షా యను మాటయే మనకు జపాను నుండి వచ్చినది. భర్త పోయిన యువతికి, ఆమె కుమారునికి అండగా నిలిచి, తన ప్రేమను నోరు విప్పి చెప్పుకొనలేని మొరటు పనివాని పాత్ర అది. హిరోషి ఇనగాకి తీసిన ఆ చిత్రమునకును వెనిస్ స్వర్ణసింహము దక్కెను. 1961లో ‘యోజింబో’కు, 1965లో ‘ఎఱ్ఱగడ్డము’నకు మిఫునే అచ్చటనే ఉత్తమనటుడుగా రెండు మారులు బహుమానము పొందెను.

ఇంత పేరు వచ్చినను సంభాషణలన్నియు ముందే కంఠస్థము చేసికొని, వేళకు ముందే వచ్చుట అతడు మానలేదు.

‘ఎఱ్ఱగడ్డము’ బీదలకు వైద్యము చేయు కఠినుడైన ఒక వైద్యుని కథ. కురొసావా ఏ చిన్న వస్తువునందును రాజీపడువాడు కాడు. చిత్రీకరణ నెలల తరబడి సాగెను. మిఫునే గడ్డము నిజముగా పెంచినది. దానిని తీయరాదు, తీయనిదే వేరొక చిత్రమున నటింపరాదు. 1962లో అతడు సొంత సంస్థ నొకటి నెలకొల్పియుండెను. పనివారికి జీతములియ్యవలెను, అప్పులు తీర్పవలెను. అయినను చిత్రము ముగియువరకు ఆ గడ్డముతోనే నిలిచెను. 1948 నుండి అప్పటివరకు వారిరువురు కలిసి చేసిన చిత్రములు పదునారు. పదునేడవది రాలేదు. ఆ యెడబాటునకు కారణము ఇదియని యిరువురిలో ఎవరును బహిరంగముగా స్పష్టపరుపలేదు. డబ్బు చిక్కులని కొందరు, అలసటయని కొందరు, ఇరువురి పట్టుదలయని మరికొందరు ఊహించిరి. నష్టము మాత్రము ఇరువురిదియు. కురొసావా తరువాతి చిత్రము వెలువడుటకు అయిదేండ్లు పట్టెను. మిఫునే అమెరికా, ఐరోపా చిత్రములలో నటించెను. 1968లో ‘హెల్ ఇన్ ది పసిఫిక్’ అను చిత్రమున, యుద్ధకాలమున శత్రుసైన్యమున పనిచేసిన అమెరికా నటుడు లీ మార్విన్‌తో కలిసి, దీవిలో చిక్కుకొన్న ఇరువురు శత్రువులుగా నటించుట విశేషము. 1980లో ‘షోగన్’ టెలివిజన్ కథతో అతని ముఖము అమెరికాలో ఇంటింటికి తెలిసెను. కాని పూర్వపు పాత్రల వంటివి మరల దొరకలేదు.

1993లో దర్శకుడు ఇషిరో హోండా మరణించెను. అతడు వీరిరువురికిని ఆప్తుడు. ఆ అంత్యక్రియలలో మిఫునే, కురొసావా ఎదురుపడి, కన్నీళ్ళతో కౌగిలించుకొనిరని చెప్పుదురు. పిమ్మట వారు కలిసికొనలేదు. అప్పటికే మిఫునేను జ్ఞాపకశక్తి నశింపజేయు వ్యాధి ఆవరించుచుండెను. సంభాషణ కాగితము చేత పట్టక చిత్రీకరణకు వచ్చిన మనిషికి చివరి దినములలో మాటలే కరవయ్యెను. 1997 డిసెంబరు 24వ తేదీన టోకియో సమీపమున మితాకాలో అతడు కన్నుమూసెను. కురొసావా అప్పటికే లేవలేని స్థితిలో నుండి అంత్యక్రియలకు రాలేకపోయెను. సంతాపవాక్యములు వ్రాసి పంపెను. తొమ్మిది నెలలైనను నిండకముందే, 1998 సెప్టెంబరు 6వ తేదీన, అతడును మరణించెను.