అనాథబంధువు బర్నార్డో మహాశయుడు

దిక్కులేని బిడ్డల కాశ్రయ మొసగిన మహనీయులలో థామస్ జాన్ బర్నార్డో మిగుల ప్రసిద్ధుడు. ఈయన 1845వ సంవత్సరము జులై 4వ తేదీని ఐర్లండు దేశమందలి డబ్లిను నగరమున జన్మించెను. తండ్రి బొచ్చుతోళ్ల వర్తకుడు. బాల్యమునుగూర్చి చెప్పదగిన విశేషములు తక్కువ.

చీనాదేశమునకు మతబోధకుడుగా నేగ సంకల్పించి ఈయన 1866లో లండను చేరి, అచట వైద్యవిద్య నభ్యసింప నారంభించెను. ఆ యేటనే నగరపు తూర్పుభాగమున విషూచి ప్రబలి వేలకొలది జనులు మృతినొందిరి. బర్నార్డో అచటి పేదపిల్లల కొక బడి పెట్టెను. ఒకనాటి రాత్రి బడి ముగిసినను జిమ్ జార్విస్ అను బాలుడు కదలక నిలిచియుండెను. ఇంటికి పొమ్మనగా, తనకు ఇల్లును లేదు, తల్లిదండ్రులును లేరు, తనవంటివారు పెక్కుమంది కలరు అని వాడు తెలిపెను. బర్నార్డో నమ్మజాలక, వాని వెంట నడిరేయి బయలుదేరెను. వాడు చూపిన కప్పుమీద చింకిగుడ్డలతో బాలురు చలిలో నిద్రించుచుండిరి. చీనాప్రయాణ మంతటితో వెనుకబడి, తుదకు మానుకొనబడెను.

1870లో స్టెప్నీ కాజ్‌వే అను వీథిలో మగపిల్లలకొక గృహము వెలసెను. అచట పడకలు కొన్నియే. ఒకనాడు జాన్ సోమర్స్ అను పదునొకండేండ్ల బాలుడు చోటిమ్మని వేడెను. ఎఱ్ఱని జుట్టుగలవా డగుటచే వానిని క్యారట్ అని పిలిచెడివారు. గృహము నిండియున్నందున తరువాత రమ్మనిరి. రెండునాళ్లకు వాడు ఆకలిచేతను చలిచేతను చచ్చిపడియుండెను. వసతిగృహములు నడపిన పెద్దల కెల్లరకు చోటులేదను మాట పలుకవలసివచ్చుట తెలిసినదే. అందు తప్పెన్నుటకు వీలులేదు. అయినను బర్నార్డో ఆ మాట నిక పలుకనని వ్రతము పూనెను. దిక్కులేని బిడ్డ నెవరినిని త్రిప్పిపంపమను అర్థము వచ్చు ఫలకము ద్వారమున వ్రేలాడెను. రాత్రియు తలుపు తెఱచియుండెను.

తెఱచిన తలుపునకు వెల యెక్కువ. బిడ్డలు పెరిగిరి, అప్పులును పెరిగెను. 1876లో బార్కింగ్‌సైడున ఆడుపిల్లలకై ఒక పల్లెయే కట్టబడెను. కుటీరమున కొక తల్లివంటి స్త్రీని నియమించి, పెద్ద కొట్టములలో బిడ్డలను గుంపుగా నుంచు పద్ధతిని మాన్పెను. ఈ పనిలో భార్య సైరీ తోడ్పడెను.

నిందలును లేకపోలేదు. చందాలకొఱకు తీయించిన ఛాయాపటములలో పిల్లల దైన్యమును కల్పించిరని ఆరోపణ వచ్చెను. 1877 నాటి మధ్యవర్తుల తీర్పు ఘోరమైన ఆరోపణలను త్రోసివేసినను, ఆ పటముల విషయమున ఆయనను తప్పుపట్టెను. కన్నవారి సమ్మతి లేకయే బిడ్డలను తెచ్చినందున వ్యాజ్యములు నడచెను. వానివలననే 1891లో బిడ్డల సంరక్షణనుగూర్చి ఒక శాసనము పుట్టెను. అన్నిటికంటె చింతింపదగినది కెనడా ప్రయాణము. గృహములలో చోటు చేయుటకును, బిడ్డలకు బ్రదుకుతెరువు చూపుటకును వేలకొలది బాలబాలికలను ఆయన ఓడ లెక్కించెను. అందు కొందఱు సుఖించిరి. పెక్కురు పొలములలో కూలివాండ్రవలె పాటుపడి, తోబుట్టువుల నెడబాసి దుఃఖించిరి. బ్రిటను ప్రభుత్వము ఇట్టి వలసలకెల్ల 2010 ఫిబ్రవరిలో క్షమాపణ చెప్పెను. ఇల్లు లేనివానికి పడక నిచ్చుట యొకటి, వానికి తనవారి నిచ్చుట మఱియొకటి. మొదటిదానియందు బర్నార్డోను మించినవారు అరుదు, రెండవదానియందు ఆయన తడబడెనని నా యభిప్రాయము.

1905 సెప్టెంబరు 19వ తేదీని ఆయన కాలధర్మము నొందెను. నాటికి 96 గృహములలో 8,500కు పైబడిన బిడ్డలుండిరి. ఆయన సమాధి బార్కింగ్‌సైడున, ఆ ఆడుపిల్లల పల్లెయందే కలదు.