నిలువ నీడ లేని వారి గోడు తెరకెక్కించిన ఘటక్

దేశ విభజనలో ఊరూ వాడా వదిలి, కట్టుబట్టలతో కలకత్తా చేరిన లక్షలాది బెంగాలీల గోడును వెండితెరకెక్కించిన దర్శకుడు ఋత్విక్ ఘటక్. 1947లో దేశమంతా స్వాతంత్ర్య సంబరాల్లో ఉండగా, పద్మానది ఆవలి ఒడ్డున పుట్టి పెరిగిన ఎందరికో సొంత ఊరే పరాయి దేశమయింది. అందరూ మరచిపోజూసిన ఆ బాధను ఘటక్ జీవితాంతం మరవలేదు, మరవనివ్వలేదు.

ఆయన 1925 నవంబరు 4న ఢాకాలో జన్మించారు. తండ్రి సురేశ్‌చంద్ర జిల్లా మేజిస్ట్రేటు. 1943 నాటి బెంగాలు కరువును, ఆ తర్వాత విభజనను కళ్లారా చూసిన ఘటక్ మొదట కథలు రాశారు. కథలు చదివేవారు కొద్దిమందేనని నాటకాలలోకి, ఇంకా ఎక్కువమందికి చెప్పవచ్చునని సినిమాలలోకి వచ్చారు. మన ప్రజానాట్యమండలి ఏ అఖిల భారత సంఘానికి శాఖగా పనిచేసిందో, ఆ సంఘంలోనే బెంగాలులో ఆయన నాటకాలు ఆడించారు.

1952లో తీసిన తొలి చిత్రం 'నాగరిక్' అప్పట్లో విడుదలకే నోచుకోలేదు. 1960లో వచ్చిన 'మేఘే ఢాకా తారా' ఆయనకు పేరు తెచ్చింది. మబ్బు కమ్మిన తార అని దాని అర్థం. కాందిశీకుల కాలనీలో ఒక ఇంటి పెద్దకూతురు నీత, సంపాదించి అందరినీ పోషిస్తుంది. చెప్పు తెగినా అలాగే నడిచిపోతుంది. ఆమెను చేసుకోవలసినవాడు ఆమె చెల్లెలిని చేసుకుంటాడు. చివరకు నీత క్షయవ్యాధి పాలవుతుంది. ఆమె మనసు విరిగినచోట ఘటక్ కొరడా దెబ్బ చప్పుడు వినిపించారు. అటువంటి ప్రయోగాలు అప్పటి సినిమాలలో అరుదు.

1961 నాటి 'కోమల గాంధార్'లో రైలు పట్టాలు నది ఒడ్డుకు వచ్చి ఆగిపోతాయి. అవతల గట్టున కనిపించేది పాత్రలు పుట్టిన నేలే, కాని వెళ్లడానికి వీలులేదు. ఆ చిత్రం నష్టాలపాలయింది. 1962లో తీసిన 'సువర్ణరేఖ' మూడేళ్లకు గాని బయటకు రాలేదు. ఘటక్ తాగుడుకు బానిసయ్యారు, ఆరోగ్యం దెబ్బతిన్నది.

అయినా పుణే ఫిలిం ఇన్‌స్టిట్యూట్‌లో పాఠాలు చెప్పి మణి కౌల్, కుమార్ షహానీ, జాన్ అబ్రహాం వంటి శిష్యులను తయారుచేశారు. 1970లో పద్మశ్రీ లభించింది. బంగ్లాదేశ్ ఏర్పడ్డాక అక్కడికి వెళ్లి 1973లో 'తితాస్ ఏక్‌టి నదీర్ నామ్' తీశారు. నది ఎండిపోతే జాలరుల బతుకు ఎలా చెదిరిపోయిందో చెప్పే కథ అది. ఆ నవల రాసిన అద్వైత మల్లబర్మన్ ఆ జాలరి కులంలో పుట్టినవారే. తన చివరి చిత్రంలో ఘటక్ తాగుబోతు మేధావి పాత్ర స్వయంగా ధరించి, తన లోపాలను కూడా దాచుకోలేదు.

1976 ఫిబ్రవరి 6న, 50 ఏళ్ల వయసులో ఆయన కలకత్తాలో కన్నుమూశారు. పూర్తిచేసిన కథాచిత్రాలు ఎనిమిదే. తొలి చిత్రం 'నాగరిక్' 1977లో, ఆయన పోయాక ప్రేక్షకుల ముందుకు వచ్చింది. పాడైపోతున్న 'తితాస్' ప్రింటును 2010లో విదేశీ సంస్థలు బాగుచేయించాయి. 2025 నవంబరుకు ఆయన పుట్టి నూరేళ్లు నిండాయి. విభజన గీత గీసినవారి పేర్లు చరిత్ర పుస్తకాలలో చేరాయి. ఆ గీత వల్ల ఇల్లు పోయిన వారి బతుకులు మాత్రం ఘటక్ చిత్రాలలో మిగిలాయి.