లెఫ్టినెంట్ గారి కొత్త యూనిఫాం

పిల్లలూ, ఇంట్లో యాభై డాలర్ల నోటు ఉంటే అమ్మనో నాన్ననో అడిగి ఒకసారి చూడండి. దాని మీద గడ్డంతో కనిపించే ఆయనే యులిసెస్ గ్రాంట్.

ఆయన 1822లో ఒహాయో రాష్ట్రంలో పుట్టారు. వాళ్ల నాన్నది తోళ్లు శుద్ధి చేసే పని. గ్రాంట్‌కి ఆ పని అస్సలు నచ్చేది కాదు. గుర్రాలంటే మాత్రం ప్రాణం. 1839లో, పదిహేడో ఏట, నాన్న ఆయన్ని వెస్ట్ పాయింట్ సైనిక అకాడమీకి పంపించారు. బడిలో మీ పేరు ఎవరైనా తప్పుగా రాశారా? ఆయనకీ అదే జరిగింది. అసలు పేరు హైరమ్ యులిసెస్ గ్రాంట్. కాగితాల్లో మాత్రం యులిసెస్ ఎస్. గ్రాంట్ అని పడింది. చివరికి ఆ పేరే ఉండిపోయింది.

1843లో చదువు పూర్తయింది. 39 మందిలో ఆయనది 21వ స్థానం. గుర్రపు స్వారీలో గొప్ప నేర్పరి కాబట్టి అశ్వికదళం కావాలనుకున్నారు. కానీ పదాతిదళంలో వేశారు, అంటే కాలినడకన పోరాడే దళంలో. అధికారుల్లో అన్నిటికన్నా కింది మెట్టు, బ్రెవెట్ సెకండ్ లెఫ్టినెంట్.

అయినా సంబరమే! కొత్త యూనిఫాం వేసుకుని, గుర్రమెక్కి సిన్సినాటి వీధుల్లో వెళ్లారు. అందరూ తననే చూస్తున్నారనుకున్నారు. ఇంతలో చెప్పుల్లేని ఒక పిల్లవాడు ఎగతాళి చేశాడు. ఇంటికొస్తే అక్కడా అంతే. ఎదురింటి సత్రంలో గుర్రాల పనివాడు అచ్చం అలాంటి నీలి ప్యాంటుకి తెల్లగుడ్డ పట్టీలు కుట్టుకుని, ఒట్టి కాళ్లతో వీధిలో తిరిగాడు. ఊళ్లోవాళ్లు నవ్వారు. 21 ఏళ్ల గ్రాంట్‌కి నవ్వు రాలేదు. ఆడంబరమైన యూనిఫాం మీద మోజు అప్పుడే పోయింది.

తర్వాత మెక్సికో యుద్ధంలో తన దళానికి తిండి, సామాను చేర్చే పని చూశారు. ఆ అనుభవం ముందు ముందు చాలా పనికొచ్చింది.

ఇక 1865 ఏప్రిల్ 9. అమెరికా అంతర్యుద్ధంలో దక్షిణాది సేనాని లీ లొంగిపోవడానికి వచ్చారు. మెరిసే యూనిఫాం, నడుముకి కత్తి. ఉత్తరాది సేనలన్నిటికీ అధిపతి అయిన గ్రాంట్ ఒంటి మీద మామూలు సిపాయి కోటు, కాళ్లకి బురద బూట్లు! భుజం పట్టీలు చూస్తేనే హోదా తెలిసేది. ఓడిపోయిన సైనికులకి ఆయన తిండి పంపించారు. వసంతంలో పొలం దున్నుకోవాలి కదా, అందుకే సొంత గుర్రాలు ఇంటికి తీసుకెళ్లనిచ్చారు.

తర్వాత ఆయన రెండుసార్లు అమెరికా అధ్యక్షుడయ్యారు. 1885లో కన్నుమూశారు.

ఇప్పుడు మీరు చెప్పండి:
1. గ్రాంట్‌కి యూనిఫాం మీద మోజు ఎందుకు పోయింది?
2. మీ పేరునో బట్టలనో చూసి ఎవరైనా నవ్వారా? అప్పుడు మీరేం చేశారు? నాలుగు వాక్యాలు రాయండి.