ఆర్గాను వాయించిన వైద్యుడు

ఆల్బర్ట్ ష్వైట్జరు 1875 జనవరి 14వ తేదీన ఆల్సాసు సీమలో ఒక సంఘకాపరి యింట జన్మించెను. ఆ సీమ అప్పుడు జర్మనీ యేలుబడిలో నుండెను; నేడు ఫ్రాన్సులోనిది. అయిదేండ్ల ప్రాయమున తండ్రి అతనికి పియానో నేర్పెను. తొమ్మిదేండ్లకే గున్స్‌బాకు గ్రామపు గుడిలో, వాయించువాడు రాని దినమున, ఆర్గానుయొద్ద కూర్చుండెను. అది మన గుడులలోని హార్మోనియము వంటిదనుకొనరాదు. గాలి గొట్టములు బారులు తీరియుండగా, చేతులతోను పాదములతోను వాయించు గొప్ప వాద్యమది.

1893లో అతడు పారిసులో విడోరు అను గురువునొద్ద చేరెను. పూర్వికుడైన బాఖు ఆర్గానుకు వ్రాసిన కొన్ని సంగీతములు ఆ గురువునకే బోధపడకుండెను. అవి జర్మను సంఘకీర్తనలపై కట్టినవనియు, కీర్తనల మాటలు చదివినయెడల స్వరముల భావము విశదమగుననియు శిష్యుడు తెలిపెను. గురువు సంతోషించి దీనిని వ్రాయుమని కోరగా, అది 1905లో ఫ్రెంచిలో గ్రంథమాయెను. 1908లో జర్మనులో ఎనిమిదివందల పుటలకు మించెను. కీర్తన పుస్తకము తెరువక రాగము మాత్రమే పాడుకొనువారు ఈ సంగతి తలంచుదురు గాక.

ముప్పది యేండ్లవరకు విద్యకును సంగీతమునకును, తరువాత మనుష్యుల సేవకును బ్రదుకుదునని 1896 పెంతెకొస్తు దినములలో అతడు తీర్మానించుకొనెను. ఆ మాట తప్పలేదు. 1905లో, వేదాంత పండితుడైయుండియు, వైద్య విద్యార్థుల నడుమ కూర్చుండెను. స్నేహితులు వెఱ్ఱితనమనిరి. ఇంతలో 1906లో, పండితులు యేసు చరిత్రను వ్రాసిన తీరులను పరిశీలించు గ్రంథము ప్రకటించెను. అందలి తలంపులను చూచి పారిసు మిషనువారు సందేహించిరి. అందులో మనకును ఒప్పుకొనరాని సంగతులు కలవు. బోధింపక వైద్యము మాత్రమే చేయుదునని మాట యిచ్చిన పిమ్మట వారు ఆయనను అంగీకరించిరి. ఆఫ్రికాలోని మిషనరీలే తరువాత ఆ మాటనుండి ఆయనను విడిపించి బోధింపనిచ్చిరి.

1913 మార్చిలో భార్య హెలేనుతో బయలుదేరి గబోనులోని లంబరేనేకు చేరెను. మొదటి వైద్యశాల ఒక కోళ్లగూడు. పారిసులోని బాఖు సంగీత సంఘమువారు జింకు రేకు పొదిగి, పాదములతో కూడ వాయించుటకు వీలైన పియానో ఒకటి ఇచ్చిరి. అయినను అడవిలో సంగీతమేలయని, వ్రేళ్లు బిగిసిపోయినచో విడిచిపెట్టుట సులభమనియు ఆయన మొదట తలంచెను. ఒక సాయంకాలము బాఖును వాయించుచుండగా మనస్సు మారెను. విరామపు గడియలలో ఒక్కొక్క రచనను కంఠస్థము చేయుటకు పూనుకొనెను.

1914లో యుద్ధము వచ్చెను. జర్మను ప్రజయని ఫ్రెంచివారు ఆయనను నిర్బంధించి, 1917లో ఫ్రాన్సులోని శిబిరమునకు కొనిపోయిరి. అచ్చట ఆర్గాను లేదు. బల్లనే వాద్యముగాను, నేలను పాదముల మెట్లుగాను ఎంచి, శబ్దములేని సంగీతమును సాధన చేసెను. విడుదలైనప్పుడు రోగము, అప్పులు మిగిలెను. 1920లో స్వీడను ప్రధానబిషప్పు సొడెర్బ్లోము పిలువగా, అచ్చట ఉపన్యసించి, గుడులలో ఆర్గాను వాయించి, కొన్ని వారములలోనే తొందరపెట్టు అప్పులను తీర్చెను. ఆర్గానును, బోధనను, తన సంపాదనను విడిచితినని యెంచినవాడు మూటిని తిరిగి పొందెను. ఆదికాండము 22వ అధ్యాయములో కుమారుని అర్పింపబోయిన అబ్రాహామునకు జరిగినట్లే తనకు జరిగెనని ఆయనే వ్రాసెను.

1924లో మరల వెళ్లునప్పటికి కట్టడములు శిథిలమైయుండెను. కొత్త ఆసుపత్రి 1927లో తెరువబడెను. పుస్తకములును కచేరీలును దానిని పోషించెను. ఆఫ్రికావారిని తమ్ములవలె ఎంచి, తానే అన్ననను ధోరణి ఆయనకుండెను. అది నేడు ఎవరికిని రుచింపదు, రుచింపనక్కరలేదు. 1952 సంవత్సరపు నోబెలు శాంతి బహుమానపు సొమ్ము కుష్ఠురోగుల పల్లెకు చెల్లెను. 1965 సెప్టెంబరు 4న లంబరేనేలోనే మరణించెను. ఒగోవే నది యొడ్డున ఆయన సమాధిమీద తన చేతులతో చేసికొనిన సిలువ నిలిపిరి.