దాతయే వాది: చార్లెస్ ఆడర్లీ చరిత్రము

ఆంగ్లదేశమున 1814లో జన్మించిన చార్లెస్ ఆడర్లీ మహాశయుఁడు బర్మింగ్‌హాం నగరవాసుల విహారమునకై 1856లో ఉద్యానవనము నెలకొల్పిన దాత. ఆ నగరపు పురపాలక సంఘమే మురుగునీటిని టేము నదిలోనికి విడువఁగా, దిగువనున్న యాతని హామ్స్‌హాలు భూములకడ చేఁపలు చచ్చెను. పశువులు నీరు ముట్టవయ్యెను. ఆతఁడు ఛాన్సరీ న్యాయస్థానమున దావా వేసెను. రెండులక్షల యేఁబదివేల పౌరుల సౌఖ్యమునకై యొక్కని హక్కు లెక్కింపఁదగదని సంఘమువారు వాదించిరి. 1858లో న్యాయమూర్తి పేజ్ వుడ్ ఆ వాదమును త్రోసిపుచ్చి నిషేధాజ్ఞ యొసంగెను. పిదప నగరము సాల్ట్‌లీకడ మురుగును తొట్లలో నిలిపి తేర్చుటకుఁ బూనుకొనెను. 1878లో నార్టన్ ప్రభువై, 1905లో నాతఁడు దివంగతుఁడయ్యెను.

సత్రములను, బావులను గట్టించిన మన కులపెద్దలకు మేము విన్నవించునది యొక్కటే: ఊరికి దానము చేయుట యెంత ధర్మమో, పాలకులు కర్తవ్యము మఱచినపుడు న్యాయస్థానమున నిలిపి చేయించుటయు నంతే ధర్మము.