ఎడ్గార్ ఎలన్ పో: శ్వాసావరోధభయము

ఆంగ్లమున భయానకకథకు మర్యాద నేర్పరచినవారిలో ఎడ్గార్ ఎలన్ పో అగ్రగణ్యుడు. ఇతడు 1809 జనవరి 19వ తేదీన అమెరికాలోని బోస్టన్ నగరమున నటదంపతులకు జన్మించెను. తండ్రి కుటుంబమును విడిచిపోయెను. తల్లి 1811లో క్షయవ్యాధితో మరణించెను. జాన్ ఎలన్ అను వర్తకుడు ఆ బాలుని పెంచెనే కాని దత్తత చేసికొనలేదు.

యౌవనమున పోకు ఊపిరి హాస్యవస్తువు. 1832లో తొలుత ప్రకటించి, పిమ్మట ‘లాస్ ఆఫ్ బ్రెత్’ అని పేరు మార్చిన కథలో, శ్వాసను పోగొట్టుకొన్న మనుష్యుని నవ్వు పుట్టించునట్లు చిత్రించెను. 1836లో మేనత్త కూతురగు వర్జీనియాను వివాహమాడెను. 1842 జనవరిలో ఆమె పాడుచుండగా గొంతునుండి రక్తము వెడలెను. తల్లిని కబళించిన వ్యాధియే భార్యను కూడ ఆశ్రయించెను. ఆమె కొంత కోలుకొనుచు, మరల క్షీణించుచు ఐదేండ్లు జీవించెను.

ఆ ఐదేండ్ల నడుమ, 1844లో, ‘ది ప్రిమెచ్యూర్ బరియల్’ అను కథ వెలువడెను. బ్రతికియుండగనే పూడ్చివేయుదురేమో యను భయము ఆ కాలమున యూరపు, అమెరికాలందు ప్రబలియుండెను. కథానాయకునకు దేహము కట్టెవలె బిగిసిపోవు మూర్ఛ కలదు. తన్ను శవమని భ్రమింతురని వెరచి, అతడు కుటుంబసమాధికి లోపలినుండి తెరచుకొను తలుపులను, గాలి వచ్చు మార్గములను, గంటను అమర్చుకొనును. ఒకనాడు మేల్కాంచగా చుట్టును చీకటి, ముఖమునకు చేరువగా కొయ్యపలక, మట్టివాసన. కేకవేసిన పిదప తెలిసినదేమన, అది సమాధి కాదు. తోటమట్టి నింపిన ఓడలోని ఇరుకుపడక. నాటితో భయము తొలగెను. దానితో రోగమును తొలగెను. రోగమువలన భయము కాక, భయమువలననే రోగము కలిగి యుండవచ్చునని కథాసారము.

మన ఆలంకారికులు స్తంభమును, ప్రళయమును సాత్త్వికభావములలో లెక్కించిరి. చిత్తవృత్తి దేహమున వికారమై పొడసూపునని వారి మతము. 1993లో డొనాల్డ్ క్లైన్ అను మనోవైద్యుడు, గాలి చాలినంత యున్నను ఊపిరాడుట లేదని మెదడు తప్పుగ హెచ్చరించుటయే ఆకస్మిక భయావేశమునకు మూలమని ప్రతిపాదించెను. ఓడలోని ఆ మనుష్యునకును గాలి కొదువ లేదు.

కథలోని భయము భ్రాంతి; ఇంటిలోనిది యథార్థము. వర్జీనియా 1847 జనవరి 30న ఫోర్డమ్ గ్రామమందలి కుటీరమున కన్నుమూసెను. పో 1849 అక్టోబరు 7న బాల్టిమోరు నగరమున, తన నలువదియవయేట మరణించెను. ఆ మరణకారణము నేటికిని నిర్ణీతము కాలేదు.