శ్రీమతి దుర్గాబాయి దేశముఖ్

మన ఆంధ్రదేశమున జన్మించి భారతదేశమున కంతటికిని సేవచేసిన స్త్రీరత్నములలో శ్రీమతి దుర్గాబాయి దేశముఖ్‌గారొకరు. వీరి చరిత్రమును మా విద్యార్థులకొరకు సంగ్రహముగ వ్రాయుచున్నాము.

వీరు 1909 జూలై 15న రాజమహేంద్రవరమున జన్మించిరి. 1923లో కాకినాడలో కాంగ్రెసు మహాసభ జరిగినప్పుడు ప్రదర్శనశాల ద్వారముకడ స్వచ్ఛందసేవికగా నిలిచిరి. టిక్కెట్టు లేనివారిని లోనికి పోనీయరాదని ఉత్తరువు. జవహర్‌లాల్ నెహ్రూగారు టిక్కెట్టు లేక రాగా, పదునాలుగేండ్ల యీ బాలిక వారిని నిలిపివేసెను. నిర్వాహకులు కోపించిరి, నెహ్రూగారు మాత్రము ఆమె కర్తవ్యనిష్ఠను మెచ్చుకొనిరి. టిక్కెట్టు తెచ్చిన పిమ్మటనే ఆమె దారి విడిచెను.

ఉప్పు సత్యాగ్రహకాలమున వీరు చెరసాలకేగిరి. అచ్చట చదువెరుగని స్త్రీలు తాము చేయని నేరములకు సయితము శిక్ష ననుభవించుట చూచి మిగుల నొచ్చుకొనిరి. అట్టివారి పక్షమున వాదించుటకు న్యాయశాస్త్రము చదువ నిశ్చయించిరి. బాల్యముననే బడి విడిచిన వీరు, ఇరువదియేండ్లు దాటిన పిమ్మట మరల పుస్తకము చేపట్టి, మెట్రిక్యులేషను మొదలు ఎం.ఏ., న్యాయశాస్త్ర పట్టములవరకు సాధించిరి. మద్రాసున ఆంధ్ర మహిళా సభను నెలకొల్పి, చదువు నడుమ మానిన స్త్రీలను పరీక్షలకు సిద్ధపరచిరి.

1946లో రాజ్యాంగ సభకు సభ్యులైరి. ఆ సభ అధ్యక్షవర్గమున వీరొక్కరే స్త్రీ. 1953లో కేంద్ర సాంఘిక సంక్షేమ మండలికి ప్రథమాధ్యక్షులైరి. 1958లో స్త్రీవిద్యను గూర్చిన జాతీయ సంఘమునకు అధ్యక్షత వహించిరి. 1981 మే 9న దివంగతులైరి.

తలిదండ్రులారా! కుమార్తె చదువు నడుమ నిలిచిపోయిన యెడల కాలము మించినదని తలంపకుడు. బాలికలారా! మీ చదువు మీకొరకు మాత్రమే కాదు. చదువెరుగని వారి పక్షమున మాటలాడుటకును అని మరువకుడు.